లీవ్ ఉల్‌మన్ తెరకెక్కించిన సాహిత్యం: నవల, నాటకం, బెర్గ్‌మన్ రాత – ఏది మేలు?

నటిగా లీవ్ ఉల్‌మన్ పేరు ప్రపంచ సినిమా మీద ఆసక్తి ఉన్నవారిలో వినని వారుండరు గాని, నార్వేకు చెందిన ఆ నటి 1992 నుంచి 2014 వరకు ఐదు పెద్ద చిత్రాలకు దర్శకత్వం వహించారన్న సంగతి అంతగా ప్రచారంలోకి రాలేదు. ఆ ఐదింటిలో ఒక్కటి కూడా ఆమె సొంతంగా అల్లుకున్న కథ కాదు. 'సోఫీ' (1992), 'క్రిస్టిన్ లావ్రాన్స్‌దాటెర్' (1995) నవలల నుంచి వచ్చాయి. 'ప్రైవేట్ కన్ఫెషన్స్' (1996), 'ఫెయిత్‌లెస్' (2000) స్వీడిష్ సినీ దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ రాసి ఇచ్చినవి. 'మిస్ జూలీ' (2014) స్వీడిష్ నాటకకర్త ఆగస్ట్ స్ట్రిండ్‌బెర్గ్ నాటకం. ఒకే దర్శకురాలు మూడు రకాల మూలాలతో పని చేసిన సందర్భం కాబట్టి, పెద్ద నవలను కుదించడం, నాలుగు గోడల నాటకాన్ని తెరమీద నిలబెట్టడం, మరొక సినీ రచయిత రాసిన దానికి రూపం ఇవ్వడం అన్న మూడు దారుల్లో ఆమెకు ఏది కలిసివచ్చిందో, ఏది కలిసిరాలేదో పక్కపక్కన పెట్టి చూడటానికి వీలుంది.

కొలబద్ద ఏమిటన్నది ముందే చెప్పుకోవాలి. మూలానికి ఎంత విధేయంగా ఉంది అన్న ప్రశ్నతో తూచితే ఈ ఐదు చిత్రాలూ దాదాపు సమానంగానే నెగ్గుతాయి, ఎందుకంటే ఉల్‌మన్ మూలాన్ని గౌరవించే మనిషి. కథను తలకిందులు చేసి తన గొప్ప చాటుకునే అలవాటు ఆమెకు లేదు. అందువల్ల ఆ కొలతతో మనకు తెలిసేది తక్కువ. పుస్తకం చదవని ప్రేక్షకుడికి చిత్రం తనంతట తానుగా సంపూర్ణంగా అందుతున్నదా, చదివిన ప్రేక్షకుడికి పుస్తకంలో దొరకనిది ఏదైనా దొరుకుతున్నదా అన్న రెండు ప్రశ్నలే ఇక్కడ పనికివస్తాయి.

ఆమె దర్శకత్వ పద్ధతికి వేరు ఆమె నటనలోనే ఉంది. ఉల్‌మన్ 1938లో టోక్యోలో పుట్టి, తండ్రి చిన్నతనంలోనే పోవడంతో ట్రోన్‌హైమ్‌లో పెరిగి, స్టావంగర్‌లోని రంగస్థలం మీద అన్నే ఫ్రాంక్ పాత్రతో పేరు తెచ్చుకున్నారు. 1966లో వచ్చిన బెర్గ్‌మన్ చిత్రం 'పెర్సోనా'లో ఆమెది మాట్లాడటం మానేసిన నటి పాత్ర. ఎదుట ఉన్న నర్సు చిత్రమంతా మాట్లాడుతూనే ఉంటుంది, ఈమె వింటూ ఉంటుంది. చెప్పేవారి మాట వినేవారి ముఖం మీద ఎలా పని చేస్తుందో ఆ చిత్రం చూపినంతగా మరొకటి చూపలేదు. ఆ తరువాత 1970వ దశకంలో యాన్ ట్రోయెల్ తీసిన 'ది ఎమిగ్రెంట్స్', బెర్గ్‌మన్ తీసిన 'ఫేస్ టు ఫేస్' ఆమెను రెండు సార్లు ఆస్కార్ నామినేషన్ దాకా తీసుకువెళ్లాయి. 1975లో న్యూయార్క్‌లో నార్వే నాటకకర్త ఇబ్సెన్ 'ఎ డాల్స్ హౌస్'లో నోరాగా నటించారు. దర్శకురాలైన తరువాత కూడా ఆమె కెమెరా మాట్లాడే మనిషి కంటే వినే మనిషి వైపు ఎక్కువ మొగ్గుతుంది. మూలంలో అలా వినేవారికి చోటు ఉన్నప్పుడు ఆమె చిత్రం బతుకుతుంది, లేనప్పుడు బరువెక్కుతుంది.

అన్నింటికంటే పెద్ద సాహసం 'క్రిస్టిన్ లావ్రాన్స్‌దాటెర్' కాబట్టి దానితో మొదలుపెట్టాలి. సిగ్రిడ్ ఉన్‌సెట్ 1920, 1921, 1922లలో మూడు సంపుటాలుగా వెలువరించిన ఈ నవల నార్వేలో ఇంటింటి పుస్తకం. 1928లో ఆమెకు నోబెల్ బహుమతి రావడానికి ముఖ్య కారణాల్లో ఇది ఒకటి. పద్నాలుగో శతాబ్దపు గుడ్‌బ్రాన్స్‌దాల్ లోయలో యోరున్‌గార్డ్ అన్న పెద్ద కమతపు ఇంట్లో పుట్టిన క్రిస్టిన్, తండ్రి లావ్రాన్స్ కుదిర్చిన సిమోన్‌ను కాదని, అప్పటికే వేరొకరి భార్యతో కాపురం చేసి ఇద్దరు పిల్లలను కన్న ఎర్లెండ్ అన్న యోధుణ్ణి ప్రేమించి, పట్టుబట్టి అతన్నే పెళ్లాడుతుంది. ఉల్‌మన్ మూడు సంపుటాల జోలికి పోకుండా పెళ్లితో ముగిసే మొదటి సంపుటానికే పరిమితమయ్యారు. అది తెలివైన నిర్ణయమే. అయినా ఆ ఒక్క సంపుటానికే చిత్రం దాదాపు మూడు గంటలు తీసుకుంది.

ఎందుకంటే ఉన్‌సెట్ నవలలో సంఘటనలు తక్కువేమీ కావు. చిన్ననాటి కొండ ప్రయాణం, చెల్లెలు దుంగ కింద పడి అవిటిదవడం, బాల్య స్నేహితుడి హత్య, ఓస్లోలోని కన్యకాశ్రమం, దొంగచాటు కలయికలు, ఎర్లెండ్ మునుపటి స్త్రీ మరణం, చివరకు కన్యలు మాత్రమే పెట్టుకోవలసిన పెళ్లికిరీటాన్ని కడుపులో బిడ్డతో ధరించడం – వీటిలో ఏది వదిలినా చదివినవారు ఊరుకోరు, అన్నీ ఉంచితే ఏదీ ఊపిరి తీసుకోదు. సొంత దేశపు జనం ప్రాణంగా చూసుకునే పుస్తకాన్ని తెరకెక్కించేవారి మీద ఎంత ఒత్తిడి ఉంటుందో ఊహించవచ్చు. ఆ ఒత్తిడి చిత్రంలో కనబడుతుంది. ఒక్కో సంఘటన తన వంతు రాగానే వచ్చి, పని ముగించుకుని వెళ్లిపోతుంది. స్వెన్ నిక్విస్ట్ ఛాయాగ్రహణం మాత్రం ఆ లోయ వెలుతురును, మంచును, కట్టె ఇళ్ల లోపలి పొగచూరిన చీకటిని అద్భుతంగా పట్టుకుంది. చిత్రం కోసం సెల్ గ్రామంలో కట్టిన కమతపు ఇళ్ల సముదాయం ఆ తరువాత మధ్యయుగపు జీవితాన్ని చూపే సందర్శన కేంద్రంగా నిలిచిపోయింది.

ఈ చిత్రంలో నిజంగా ఉల్‌మన్ ముద్ర ఉన్న చోటు చివరి భాగం. పెళ్లి అయిపోయిన రాత్రి, కూతురు ఏ స్థితిలో కిరీటం పెట్టుకుందో లావ్రాన్స్‌కు తెలిసిపోయిన తరువాత, అతని భార్య రాగ్న్‌ఫ్రిడ్ తన పెళ్లినాటి రహస్యాన్ని ఇన్నేళ్లకు బయటపెడుతుంది. నవలలో అది గొప్ప ఘట్టం. కూతురి కథ అనుకుని చదువుతున్నదంతా ఆ తల్లిదండ్రుల కథ కూడా అని అక్కడ తెలుస్తుంది. స్వేరె ఆంకెర్ ఔస్‌దాల్, హెన్ని మోన్ ఎదురెదురుగా ఉన్న ఆ ఘట్టంలో ఒకరు చెబుతారు, ఒకరు వింటారు. దర్శకురాలు తన బలం ఉన్న చోటికి వచ్చేసరికి చిత్రం ముగుస్తున్నది. ఎలిసబెత్ మాథెసన్, బ్యోర్న్ స్కాగెస్టాడ్‌ల ప్రేమకథ కంటే ఈ ముసలి దంపతుల మౌనమే చూసినవారికి ఎక్కువ కాలం గుర్తుంటుందని నా అభిప్రాయం. నవల చదివినవారికి ఈ చిత్రం తాము ఎరిగిన ముఖాలను, ఇళ్లను చూపించి తృప్తిపరుస్తుంది. చదవనివారికి కథ అర్థమవుతుంది, కానీ క్రిస్టిన్ పాపభీతి ఎంత లోతైనదో, ఆ కాలపు విశ్వాసం ఆమె శరీరంలో ఎలా పాతుకుపోయిందో అందదు. ఉన్‌సెట్ దానిని పేజీల తరబడి ఆమె మనసు లోపలి నుంచి చెప్పారు, కెమెరాకు ఆ లోపలికి దారి దొరకలేదు.

నవలల పద్దులోనే ఉన్న 'సోఫీ' దగ్గర ఈ చిక్కు లేదు. డెన్మార్క్‌కు చెందిన యూదు రచయిత హెన్రి నాథన్సెన్ 1932లో ప్రచురించిన 'మెండెల్ ఫిలిప్సెన్ అండ్ సన్' దీనికి మూలం. నాజీల నుంచి తప్పించుకోవడానికి 1943లో స్వీడన్‌కు పారిపోయి మరుసటి ఏడాదే అక్కడ కన్నుమూసిన ఈ రచయిత పేరు డెన్మార్క్ దాటి పెద్దగా వెళ్లలేదు. అందువల్ల దర్శకురాలిని వెంటాడే పాఠకుల సైన్యం లేదు. నవల పేరు తండ్రీకొడుకుల వ్యాపారాన్ని సూచిస్తే, చిత్రం పేరు కథానాయికది. పంతొమ్మిదో శతాబ్దం చివరి కోపెన్‌హాగెన్‌లో, పెళ్లీడు దాటుతున్న సోఫీ క్రైస్తవుడైన చిత్రకారుణ్ణి ప్రేమించి, తల్లిదండ్రుల మనసు కష్టపెట్టలేక తమ మతంలోని సంబంధానికే తల వంచి, ప్రేమ లేని కాపురంలో మెల్లగా వయసు మళ్లుతుంది. కారెన్-లీస్ మ్యున్‌స్టెర్ సోఫీగా, ఎర్లాండ్ యోసెఫ్‌సన్, గీతా నోర్బి తల్లిదండ్రులుగా నటించారు.

మొదటి చిత్రమే కాబట్టి నిడివి విషయంలో అదుపు తప్పింది. రెండున్నర గంటల్లో చివరి ముప్పావుగంట సడలిపోతుంది. అయినా భోజనాల బల్ల దగ్గర కూర్చున్న కుటుంబాన్ని చూపడంలో, ప్రేమతోనే కూతురిని కట్టడి చేసే తల్లిదండ్రులను ఏ మాత్రం దుర్మార్గులుగా చేయకుండా చూపడంలో ఉన్న వెచ్చదనం 'క్రిస్టిన్' లో లేదు. పెద్దల మాట కాదనలేక తలూపిన ఆడపిల్లల కథలు తెలుగు పాఠకులకు కొత్త కాదు గనుక, ఈ ఐదింటిలో మనకు పరిచయం అక్కర్లేకుండానే దగ్గరయ్యే చిత్రం ఇదే కావచ్చు. పక్కపక్కన పెట్టినప్పుడు తేలేది ఇది: ఉల్‌మన్‌కు గొప్ప నవల కంటే మంచి నవల మేలు చేసింది. పుస్తకం కీర్తి తక్కువైనకొద్దీ ఆమె చేతులకు స్వేచ్ఛ పెరిగింది.

నాటకం విషయానికి వస్తే పరిస్థితి మరీ క్లిష్టం. స్ట్రిండ్‌బెర్గ్ 1888లో 'మిస్ జూలీ' రాసినప్పుడు దానికి ఒక ముందుమాట జోడించి, తాను అంకాల విభజనను ఎందుకు ఎత్తివేశాడో వివరించాడు: మధ్యలో విరామం ఇస్తే ప్రేక్షకుడు రచయిత ప్రభావం నుంచి జారిపోతాడని, అందుకే గంటన్నర పాటు ఏకబిగిన సాగే నాటకం రాశానని అతని వాదన. జమీందారు ఇంటి వంటగది, వేసవి పండుగ రాత్రి, జమీందారు కూతురు, నౌకరు, వంటమనిషి – ఇంతే. యజమాని కనిపించడు, అతని బూట్లు, గంట మోత మాత్రమే ఉంటాయి. ఒక్క వాక్యం తీసేస్తే బిగువు సడలేంత పకడ్బందీగా కట్టిన ఇలాంటి నాటకం ముందు సినిమా దర్శకుడికి రెండే దారులు: గోడలు పగలగొట్టి బయటికి తేవడం, లేదా గోడల్ని ఇంకా బిగించడం.

మొదటి దారిలో నడిచినవాడు స్వీడన్‌కు చెందిన ఆల్ఫ్ షోబెర్గ్. 1951లో ఆయన తీసిన 'మిస్ జూలీ'కి ఫ్రాన్స్‌లోని కాన్ చలనచిత్రోత్సవంలో, డి సికా 'మిరకిల్ ఇన్ మిలాన్'తో పాటు, అత్యున్నత బహుమతి దక్కింది. నాటకంలో పాత్రలు నోటితో చెప్పే బాల్యాన్ని షోబెర్గ్ కళ్ల ముందు జరిపించాడు. పైగా గతానికీ వర్తమానానికీ మధ్య కోత పెట్టకుండా, ఒకే చట్రంలో ఒక మూల ఇప్పటి జూలీ నిలబడి ఉండగానే మరొక మూల నుంచి ఆమె తల్లి నడిచి వచ్చేలా చేశాడు. పొలాలు, నృత్యాలు, గుర్రపుబండ్లు అన్నీ ఉన్నాయి. అయినా నాటకపు ఊపిరి ఆగలేదు, ఎందుకంటే కోత లేని ఆ కదలిక స్ట్రిండ్‌బెర్గ్ కోరిన ఏకబిగికి తెర మీద సమానమైన ఉపాయం.

ఉల్‌మన్ రెండో దారి పట్టారు. కథను 1890 నాటి ఐర్లండ్‌లోని ఫెర్మనా ప్రాంతానికి మార్చి, నౌకరును జాన్‌గా, వంటమనిషిని కాథ్లీన్‌గా చేసి, స్క్రీన్‌ప్లే తానే రాసుకుని ఆంగ్లంలో తీశారు. ఆంగ్లేయ భూస్వాముల ఇంట్లో ఐరిష్ నౌకర్లు అన్న మార్పు వర్గభేదానికి పాలకులు, పాలితులు అన్న మరొక పొరను కలుపుతుంది. కానీ చిత్రం ఆ పొరను తవ్వకుండానే వదిలేయడం ఆశ్చర్యం కలిగిస్తుంది. చోటు మారింది, ఆ చోటు తాలూకు చరిత్ర వంటగదిలోకి రాలేదు. పండుగ చేసుకునే జనాన్ని కూడా ఆమె దూరంగా ఉంచి, పెద్ద ఇంట్లో ముగ్గురినే మిగిల్చారు. గంటన్నర నాటకం రెండు గంటల పైచిలుకు చిత్రమయింది. ఆ అదనపు సమయమంతా జెస్సికా చాస్టెయిన్, కోలిన్ ఫారెల్ ముఖాల మీద నిలిచే కెమెరా తీసుకున్నదే.

ఇద్దరూ గట్టిగా నటించారు. చాస్టెయిన్ చివరి అరగంటలో అహంకారం కరిగి భయంగా మారే తీరు చూడదగినది. అయితే స్ట్రిండ్‌బెర్గ్ పాత్రలు ఒకరి మాట ఒకరు వినరు. ఒకరి మాటను మరొకరు ఆయుధంగా అందుకుని తిరిగి విసురుతారు. ఆ వేగమే నాటకానికి ప్రాణం. వినే ముఖాన్ని వెతికే కెమెరా అక్కడ ప్రతి దెబ్బ తరువాత ఆగిపోతుంది, దెబ్బకు దెబ్బ పడే లయ విరిగిపోతుంది. ఆమె పద్ధతి ఫలించినది ఒక్క చోట, సమాంతా మోర్టన్ పోషించిన కాథ్లీన్ దగ్గర. నాటకంలో చాలాసేపు నిద్రపోయే ఆ వంటమనిషికి ఇక్కడ ఎక్కువ చోటు దొరికింది. తనకు కాబోయేవాడు యజమానురాలితో ఏమి చేస్తున్నాడో గ్రహించి మింగుకునే ఆమె ముఖం, పెద్ద తారల అరుపుల కంటే బలంగా తాకుతుంది. ఉల్‌మన్ ఆ వంటమనిషి వైపు నుంచే కథంతా నడిపి ఉంటే ఎలా ఉండేదో అన్న ఆలోచన నన్ను వదలలేదు. బహుశా అంతటి చనువు తీసుకోవడానికి స్ట్రిండ్‌బెర్గ్ మీద ఆమెకున్న గౌరవం అడ్డు వచ్చి ఉంటుంది.

నాలుగు గోడలే లోపం అనుకోవడానికి వీల్లేదు. సత్యజిత్ రాయ్ 1989లో ఇబ్సెన్ 'ఎన్ ఎనిమీ ఆఫ్ ది పీపుల్' ఆధారంగా 'గణశత్రు' తీసినప్పుడు, ఆరోగ్యం సహకరించక దాదాపు అంతా స్టూడియో గదుల్లోనే చిత్రీకరించారు. నాటకంలోని కలుషితమైన స్నానపు నీటికి బదులు గుడి తీర్థాన్ని పెట్టడంతో ఆ గదుల్లోకి బెంగాల్ పట్టణం మొత్తం వచ్చి కూర్చుంది. చోటు మార్చినవారు ఆ మార్పుకు పూర్తి ధర చెల్లించాలన్నది అక్కడ తెలుస్తుంది. ఐర్లండ్ జూలీలో జరగనిది అదే.

ఇక బెర్గ్‌మన్ రాతలు. 1982 నాటి 'ఫానీ అండ్ అలెగ్జాండర్' తరువాత వెండితెర దర్శకత్వానికి స్వస్తి చెప్పిన బెర్గ్‌మన్, రాయడం మాత్రం మానలేదు. తన తల్లిదండ్రుల పెళ్లి గురించి రాసిన 'ది బెస్ట్ ఇంటెన్షన్స్'ను బిలె ఆగస్ట్‌కు, తన బాల్యం గురించి రాసిన 'సండేస్ చిల్డ్రన్'ను కొడుకు డానియెల్‌కు ఇచ్చాడు. తల్లి రహస్య ప్రేమ గురించి రాసిన 'ప్రైవేట్ కన్ఫెషన్స్' ఉల్‌మన్ చేతికి వచ్చింది. 1992లో కాన్‌లో అత్యున్నత బహుమతి పొందిన బిలె ఆగస్ట్ చిత్రంతో దీన్ని పోల్చడం ఆసక్తికరం, ఎందుకంటే రెండింటిలోనూ భార్య ఆనా పెర్నిల్లా ఆగస్టే, భర్త హెన్రిక్ శామ్యూల్ ఫ్రోలెరే. బిలె ఆగస్ట్ కథను ఏళ్ల వెంట, ఊళ్ల వెంట నవలలాగా నడిపిస్తాడు. ఉల్‌మన్‌కు దక్కినది అలాంటి కథనం కాదు, విడివిడి సంభాషణల వరుస. పాస్టరు భార్య అయిన ఆనా, తన కంటే చిన్నవాడైన క్రైస్తవ మతశాస్త్ర విద్యార్థిని ప్రేమించి, ఆ సంగతిని మొదట తన చిన్ననాటి గురువైన యాకబ్ మామయ్యకు చెబుతుంది, నీ భర్తకు నిజం చెప్పమని ఆయన సలహా ఇస్తాడు, చెబుతుంది, ఆ నిజం ఎవరినీ విముక్తులను చేయదు.

మాక్స్ ఫాన్ సిడో వింటుండగా పెర్నిల్లా ఆగస్ట్ చెప్పడం – చిత్రంలో చాలా భాగం ఇంతే. ఉల్‌మన్ స్వభావానికి ఇంతకంటే సరిపోయే మూలం ఉండదు. స్వెన్ నిక్విస్ట్ వెలుతురు ఇక్కడ లోయల మీద కాక చెంపల మీద, కిటికీ పక్కన పెట్టిన చేతుల మీద పని చేస్తుంది. 1951లో జూలీగా నటించిన అనితా బ్యోర్క్ ఇందులో ఉండటం సినిమా చరిత్ర తెలిసినవారికి అదనపు ఆనందం. అయినా మొదటి స్థానం దీనికి ఇవ్వలేకపోవడానికి కారణం ఉంది. మొదట టెలివిజన్ కోసం తయారైన ఈ చిత్రంలో ఉల్‌మన్ తనదంటూ కలిపినది తక్కువ. బెర్గ్‌మన్ తల్లికి బెర్గ్‌మన్ కట్టిన గుడిలో ఆమె దీపం వెలిగించి, పక్కకు తప్పుకున్నారు. 'ది బెస్ట్ ఇంటెన్షన్స్' చూడనివారికి ఆ దంపతుల మధ్య అంత చేదు ఎందుకు పేరుకుందో పూర్తిగా అందదు కూడా.

'ఫెయిత్‌లెస్'లో అలా జరగలేదు. ముసలి రచయిత ఒకడు ద్వీపంలో తన బల్ల ముందు కూర్చుని ఉంటాడు. అతని పేరు కూడా బెర్గ్‌మనే, నటించినవాడు ఎర్లాండ్ యోసెఫ్‌సన్. అతని ఊహలోంచో జ్ఞాపకంలోంచో మరియన్ అన్న స్త్రీ వచ్చి ఎదుట కూర్చుంటుంది. తాను నటిననీ, భర్త మార్కుస్ సంగీత నిర్వాహకుడనీ, వాళ్లిద్దరి స్నేహితుడైన డేవిడ్ అనే నాటక దర్శకుడితో తాను సంబంధం పెట్టుకున్నాననీ, దాని పర్యవసానాలు ఎంత దూరం వెళ్లాయో ఆమె చెబుతూ పోతుంది, ముసలివాడు వింటూ ఉంటాడు. బెర్గ్‌మన్ రాసి ఇచ్చినది చాలావరకు ఆ స్త్రీ సుదీర్ఘ స్వగతంలాంటిది. దాన్ని రంగాలుగా విడగొట్టి, ఎక్కడ చూపాలి, ఎక్కడ చెప్పించాలి అన్న నిర్ణయం దర్శకురాలికి మిగిలింది. మరొకరి రచనే అయినా చాలా ఖాళీలు ఉన్న రచన అది.

ఆ ఖాళీల్లో ఆమె పెట్టినది ముఖ్యంగా ఒకరిని: దంపతుల కూతురు ఇసబెల్‌ను. పెద్దవాళ్ల ప్రేమలు, ఈర్ష్యలు, విడాకుల బేరాల నడుమ ఆ పిల్ల తలుపుల దగ్గర నిలబడి ఉంటుంది, పక్క గదిలో మంచం మీద కూర్చుని ఉంటుంది, తనను ఎవరూ అడగని ప్రశ్నలకు జవాబులు వెతుక్కుంటూ ఉంటుంది. ఈ పిల్లకు ప్రాధాన్యం పెంచినది తానేనని ఉల్‌మన్ చెప్పుకున్నారు. ఆ ఒక్క పనితో కథ బరువు మారిపోయింది. బెర్గ్‌మన్ రాతలో కేంద్రం ముసలి మగవాడి పశ్చాత్తాపం. చిత్రంలో ఆ పశ్చాత్తాపానికి మూల్యం చెల్లించినవారు ఎవరన్నది ప్రశ్న అవుతుంది. యోసెఫ్‌సన్ కన్నీళ్లు మనల్ని కదిలిస్తుండగానే, ఆ కన్నీళ్లు ఆలస్యమైనవన్న కోపం కూడా కలుగుతుంది. మూలాన్ని వ్యతిరేకించకుండానే దానికి జవాబు చెప్పడం అంటే ఇది. ఉన్‌సెట్‌కు గానీ స్ట్రిండ్‌బెర్గ్‌కు గానీ ఉల్‌మన్ అలా జవాబు చెప్పలేకపోయారు.

బిడ్డ కస్టడీ కోసం మార్కుస్ మరియన్‌తో పెట్టే నీచమైన బేరం చిత్రంలో అత్యంత కఠినమైన భాగం. దాని బీభత్సాన్ని మనం ప్రధానంగా మరియన్ నోట వింటాం. లేనా ఎండ్రే ముఖం మీద కెమెరా నిలిచి ఉంటుంది, ఆమె గొంతు వణకదు, ఆగుతుంది, మళ్లీ మొదలవుతుంది. ఇదే ముఖ్య ఘట్టాన్ని మరొక దర్శకుడు గదిలోకి వెళ్లి తీసి ఉండేవాడు. 'పెర్సోనా'లో చిత్రమంతా విన్న నటి, చెప్పేవారికి ఎంత సమయం ఇవ్వాలో నేర్చుకున్న నటి కాబట్టి ఉల్‌మన్ బయటే ఉండిపోయారు.

ఇక్కడ ఒక అభ్యంతరం సహజంగానే వస్తుంది. 'ఫెయిత్‌లెస్' మేలైనది అయితే ఆ ఘనత రచయితది కాదా, చేతికి మంచి స్క్రిప్టు వచ్చినందుకు దర్శకురాలిని మెచ్చుకోవడమా అని. అభ్యంతరంలో కొంత న్యాయం ఉంది. కానీ అదే రచయిత రాసిన 'ప్రైవేట్ కన్ఫెషన్స్' అంత ఎత్తుకు వెళ్లలేదని గుర్తుంచుకోవాలి. రెండింటి మధ్య తేడా రచనా ప్రతిభలో లేదు, దర్శకురాలు తీసుకున్న చనువులో ఉంది. తల్లి గురించిన రచనలో వేలు పెట్టడానికి వెనకాడిన ఉల్‌మన్, బెర్గ్‌మన్ తన సొంత తప్పుల గురించి రాసినదానిలో మాత్రం సంకోచించలేదు. నిజజీవితంలోనూ అలాంటి ద్వీపంలో బెర్గ్‌మన్‌తో కలిసి బతికిన మనిషి, అతని బిడ్డకు తల్లి అయిన మనిషి, ఆ తప్పులను అతని కంటే స్పష్టంగా చూడగలగడంలో వింత లేదు. కాన్ పోటీ విభాగంలో 2000లో ప్రదర్శితమైన ఈ చిత్రం బహుమతులతో తిరిగి రాలేదు. మరుసటి సంవత్సరం ఆమె అదే ఉత్సవంలో న్యాయనిర్ణేతల సంఘానికి అధ్యక్షురాలిగా కూర్చున్నారు.

లోపాలు లేవని కాదు. రెండున్నర గంటల చిత్రంలో పారిస్ ఘట్టాలు కుదించదగినవి. డేవిడ్ మీద ఏ దశలోనూ మనకు మమకారం కలగదు గనుక, మరియన్ అంత తెలివిగలది అతని కోసం ఇల్లు ఎందుకు కూల్చుకుందన్న సందేహం కొందరికి చివరిదాకా తీరదు. అయినా, చదవనివారికి సంపూర్ణత, చదివినవారికి కొత్తదనం అన్న రెండు ప్రశ్నలకూ తడబడకుండా జవాబిచ్చేది ఐదింటిలో ఇదొక్కటే. దాని తరువాత నా తూకంలో 'సోఫీ', ఆ వెనుక 'ప్రైవేట్ కన్ఫెషన్స్', నాలుగోది 'క్రిస్టిన్', చివరిది 'మిస్ జూలీ'.

ఈ వరుస చూసేవారి అవసరాన్ని బట్టి మారవచ్చు. ఉన్‌సెట్ నవలను అనువాదంలోనైనా చదివే ఉద్దేశం ఉన్నవారు 'క్రిస్టిన్'ను ముందు చూడకపోవడం మంచిది, పుస్తకం మొదటి సంపుటం ముగించాక చూస్తే ఆఖరి ఘట్టం విలువ తెలుస్తుంది. రంగస్థల నటన నేర్చుకునేవారికి మాత్రం చివరి స్థానంలో పెట్టిన 'మిస్ జూలీ'యే మొదట పనికివస్తుంది: షోబెర్గ్ చిత్రంతో పాటు, మైక్ ఫిగిస్ 1999లో ఒకే సెట్‌లో తీసిన మూడో రూపాన్ని కూడా పక్కన పెట్టుకుని, వంటగదిలో నౌకరు యజమాని బూట్ల వైపు చూసే ఒక్క క్షణాన్ని ముగ్గురు దర్శకులు ఎలా చూపారో పరిశీలిస్తే, దర్శకత్వం గురించి చాలా పాఠ్యపుస్తకాలు చెప్పలేనిది తెలుస్తుంది. పెద్దగా తీరిక లేనివారికి, ఒక్కటే చూడగలిగినవారికి 'ఫెయిత్‌లెస్' చాలు. కాకపోతే అది చిన్న పిల్లలున్న ఇంట్లో హాలులో పెట్టుకుని చూసే చిత్రం కాదు.

ఈ లెక్కలో లేనిది ఒకటి ఉంది. నార్వే దర్శకురాలై, రంగస్థలం మీద నోరాగా పేరు తెచ్చుకుని కూడా ఉల్‌మన్ ఇబ్సెన్ నాటకాన్ని ఒక్కటీ సినిమాగా తీయలేదు. ఇబ్సెన్‌కూ, మరో మహారచయిత బ్యోర్న్‌సన్‌కూ మనవడైన టాంక్రెడ్ ఇబ్సెన్ అనే దర్శకుడు 1963లో తాత నాటకం 'ది వైల్డ్ డక్'ను తెరకెక్కించాడు. అంతటి వారసత్వం ఉన్నవాడు కూడా తాతల కథల కంటే, 1937లో గాబ్రియెల్ స్కాట్ నవల ఆధారంగా తీసిన 'ఫాంట్' వంటి చిత్రాలతోనే తన దేశపు సినిమా చరిత్రలో ఎక్కువగా నిలిచాడు. 'ఎ డాల్స్ హౌస్'ను ఉల్‌మన్ తీసి ఉంటే ఎలా ఉండేదని ఎవరైనా అడిగితే, ఆఖరి సంభాషణ దాకా అది తడబడేదనీ, నోరా బల్ల దగ్గర కూర్చుని ఎనిమిదేళ్ల కాపురంలో మొదటిసారిగా భర్తతో గంభీరంగా మాట్లాడటం మొదలుపెట్టినప్పుడు కెమెరా ఆమెను వదిలి, వింటున్న టోర్వాల్డ్ ముఖం వైపు తిరిగేదనీ నా ఊహ.